పాత కారుకు పాత మెరుపు: మెటాలిక్ పెయింట్ మీద పాఠకుల ప్రశ్నలు, జవాబులు

ప్రశ్న: మా నాన్నగారి 1983 మెర్సిడెస్ డబ్ల్యూ123 ఇంకా మా ఇంట్లోనే ఉంది. వెండి రంగు. ఎడమ ఫెండరూ ముందు తలుపూ తుప్పు పట్టాయి. బానెట్ ఎత్తితే రేడియేటర్ పైన ఉన్న ప్లేటు మీద 735 అని ఉంది. ఆ నంబరు చెప్పి మిక్సింగ్ షాపులో రంగు కలిపించాం. ఒక రేకు ముక్క మీద కొట్టించి చూస్తే మా బండి కంటే బాగా తెల్లగా, షోరూమ్ కారులా తళతళలాడుతోంది. నంబరు తప్పంటారా? పోనీ బండి మొత్తం వేయించేయమంటారా?
– ఎస్., పెదవాల్తేరు

జవాబు: నంబరు సరైనదేనండీ. 735 అంటే మెర్సిడెస్ వాళ్ల ఆస్ట్రల్ సిల్వర్. బండి మొత్తం మాత్రం వేయించకండి. ఫ్యాక్టరీలో పడిన పెయింట్ ఒకసారి గీకేస్తే మళ్లీ రాదు. రెండు ప్యానెళ్ల తుప్పు కోసం మిగతా పది ప్యానెళ్లను బలి చేయడం అన్యాయం.

మీరు చూసిన ఆ తెలుపుకు కారణం ముఖ్యంగా అల్యూమినియం. మెటాలిక్ రంగులో చేప పొలుసుల్లాంటి సన్నటి అల్యూమినియం ముక్కలు ఉంటాయి. పాతకాలం రంగుల్లో ఇవి అటుకుల్లా, అంచులు చిరిగినట్టు ఉండేవి. వెలుతురును చెదరగొట్టి కాస్త బూడిద ఛాయ చూపిస్తాయి. మిక్సింగ్ వాళ్లు వీటినే కార్న్ ఫ్లేక్ అంటారు. తర్వాత వచ్చిన సిల్వర్ డాలర్ రకం నాణెంలా గుండ్రంగా, నున్నగా ఉంటుంది, వెలుతురును అద్దంలా తిప్పి కొడుతుంది. కంప్యూటర్‌లో 735 కొడితే వచ్చే ఫార్ములాలో ఈ కొత్త రకం ఉంటే పాత బండి పక్కన అతికించినట్టే కనిపిస్తుంది. కంసాలి వాడే పది రెట్ల భూతద్దం ఒకటి తెచ్చుకోండి. ఎండలో బండి మీదా, మీ రేకు ముక్క మీదా పెట్టి చూడండి. పొలుసు సైజు, అంచు, ఎంత దగ్గర దగ్గరగా పడ్డాయి, అన్నీ తెలుస్తాయి. పొలుసు సరిపోకుండా నలుపు, నీలం చుక్కలు ఎన్ని కలిపినా ఒక కోణంలో కుదిరి ఇంకో కోణంలో చెడుతుంది. కాబట్టి షాపులో ముందు అడగాల్సింది ఒకటే: ఈ ఫార్ములాలో వేసిన అల్యూమినియం టింటర్ (రంగులో కలిపే మూల రంగు) ఏది, దాని బదులు ముతక రకమో సాదా రకమో ఉందా? ఒకే నంబరుకు చాలా పెయింట్ కంపెనీలు రెండు మూడు వేరియంట్లు ఇస్తాయి. ఏళ్ల తరబడి నడిచిన రంగు బ్యాచ్ బ్యాచ్‌కీ కొంచెం మారుతుంది కదా. వేరియంట్ షేడ్ కార్డులు తెప్పించి బండి మీదే పెట్టి చూడండి.

దేనితో పోల్చాలన్నది కూడా తేల్చుకోవాలి. మీరు వేయించేది రెండు ప్యానెళ్లే కాబట్టి పక్కన ఉన్న వెనక తలుపు ఇప్పుడు ఎలా ఉందో దానికే కలపాలి. అయితే ముందుగా దాన్ని సన్నటి కాంపౌండ్‌తో ఒక అడుగు మేర పాలిష్ చేయండి. పైన పేరుకున్న మకిలితో పోల్చి రంగు కలిపితే, రేపు బండి మొత్తం పాలిష్ చేసిన రోజున తేడా బయటపడుతుంది. కాంపౌండ్ తెల్లటి గుడ్డతో రుద్దండి. గుడ్డకు బూడిద, నలుపు అంటితే పైన క్లియర్ (రంగు మీద వేసే పారదర్శక పూత) లేదని, లేదా అరిగిపోయి రంగు బయటపడిందని అర్థం. అంటకపోతే క్లియర్ ఉంది. పూత మందం కొలిచే మైక్రాన్ మీటర్ దొరికితే తప్పక పెట్టి చూడండి. ఫ్యాక్టరీ పెయింట్ సుమారు 80 నుంచి 150 మైక్రాన్లు ఉంటుంది. 250 దాటితే ఎప్పుడో మళ్లీ వేశారని, వెయ్యి దగ్గరికి వస్తే కింద పుట్టీ ఉందని. అలాంటి ప్యానెల్‌ను నమూనాగా తీసుకోవద్దు. డిక్కీ లైనింగ్ వెనక, తలుపు ప్యాడ్ కింద ఎండ తగలని రంగు ఉంటుంది కానీ అక్కడ పూత పలచన, క్లియర్ పడదు. అసలు ఛాయ తెలుసుకోవడానికి పనికొస్తుంది. బయటి ప్యానెల్‌కు అదే ఆధారం అనుకోవద్దు.

ఇక రంగు కలిపేటప్పుడు ఒకేసారి లీటరు కలపనివ్వకండి. వంద గ్రాములతో మొదలుపెట్టి, ఒక్కసారికి ఒక్క టింటర్ మాత్రమే, గ్రాములో పదో వంతు చూపే కాటా మీద 0.2 గ్రాముల చొప్పున మార్చి, ప్రతి మార్పూ కాగితం మీద రాయించండి. ప్రతిసారీ నలుపు తెలుపు చారలున్న స్ప్రే కార్డు కొట్టాలి. కర్రతో తీసి వేలితో పూసి చూడటం మెటాలిక్‌కు పనికిరాదు. చారలు కనపడకుండా పోయేదాకా ఎన్ని కోట్లు పట్టాయో కార్డు వెనక రాయాలి, ఆపైన క్లియర్ కొట్టి ఆరాకే పోల్చాలి. క్లియర్ పడ్డాక బేస్, అంటే కింది రంగు పూత, ముదురుతుంది. బండికి పెయింట్ కొట్టబోయే మనిషే, ఆ స్ప్రే గన్‌తోనే, అదే ప్రెజర్‌లో ఈ కార్డు కొట్టాలి. ఇదొక్కటి పట్టుదలగా చేయించండి. కౌంటర్ దగ్గర కుర్రాడు కొట్టిన కార్డు ఎంత బాగా కుదిరినా దానికి విలువ లేదు.

ఆ కార్డును ఫెండర్ పక్కన, అదే వాలులో ఆనించి చూడండి. ఉదయం తొమ్మిదింటికి నీడలో ఒకసారి, నేరుగా ఎండలో ఒకసారి. ఎదురుగా నిలబడి, తర్వాత పక్కకు జరిగి, చివరికి మోకాళ్ల మీద కూర్చుని రేకు వెంబడి. ట్యూబ్‌లైటు కింద కుదిరిన రంగు ఎండలోకి రాగానే పచ్చగానో ఎర్రగానో తిరగడం మామూలే.

ప్రశ్న: నా ఎస్టీమ్ ముందు తలుపుకు టింకరింగ్ చేయించి పెయింట్ వేయించాను. ఎదురుగా చూస్తే తలుపు తెల్లగా, పక్కనుంచి చూస్తే ఫెండర్ కంటే నల్లగా ఉంది. దగ్గరగా చూస్తే అడ్డంగా చారలు కూడా. రంగు తప్పు కలిపారని నేను, గన్ పని అంతేనని వాళ్లు. ప్రెజర్ 60 పీఎస్ఐ పెట్టడం నేను చూశాను.
– ఒక పాఠకుడు, మర్రిపాలెం

జవాబు: రంగు కలపడంలో తప్పు ఉండకపోవచ్చు. అలాగని "అంతే" అనడం సరికాదు. మీరు చెప్పిన లక్షణాలు రంగు పొడిపొడిగా పడిందని చెబుతున్నాయి. ప్రెజర్ ఎక్కువై, గన్ దూరమై, థిన్నర్ తొందరగా ఎగిరిపోతే పొలుసులు రేకుకు సమాంతరంగా పైపైనే పడుకుంటాయి. అప్పుడు ఎదురుగా తెలుపు, పక్కనుంచి నలుపు. తడిగా, బరువుగా కొడితే పొలుసులు అటూ ఇటూ తిరిగి లోపలికి దిగుతాయి. ఎదురుగా ముదురు, పక్కనుంచి తెలుపు, పైగా మబ్బుల్లా మచ్చలు. ఒకే డబ్బాలోంచి ఇద్దరు పెయింటర్లు రెండు రంగులు తీస్తారనేది ఇందుకే.

పైన కప్పు ఉన్న గన్‌కు 1.3 మిల్లీమీటర్ల నాజిల్ పెట్టి, ట్రిగ్గర్ నొక్కి ఉంచి చూస్తే 25 నుంచి 30 పీఎస్ఐ చాలు. దూరం జానెడు కంటే తగ్గాలి, 15 నుంచి 20 సెంటీమీటర్లు. సాదా రంగులో ఒక వరుస మీద ఇంకో వరుస సగం ఎక్కితే చాలు, మెటాలిక్‌లో ముప్పాతిక ఎక్కాలి. చారలకు కారణం ఎక్కువగా ఇక్కడే. రెండు కోట్లు మధ్యస్థంగా వేసి, ఒక్కోటి మెరుపు పోయి మాట్‌గా మారేదాకా ఆగి, చివరగా ప్రెజర్ తగ్గించి 25, 30 సెంటీమీటర్ల నుంచి అడ్డంగా ఒకసారి, నిలువుగా ఒకసారి తేలికగా డ్రాప్ కోట్ ఇస్తే పొలుసులు అన్నిచోట్లా ఒకేలా సర్దుకుంటాయి. కప్పులో రంగు అయిదు నిమిషాలు కదలకుండా ఉంటే అల్యూమినియం అడుక్కి దిగుతుంది, తిప్పుతూ ఉండాలి.

ఇప్పుడు మీ తలుపుకు దారి: పైన బఫింగ్ చేస్తే లాభం లేదు, తేడా క్లియర్ కింద ఉంది. 800 వాటర్ పేపర్‌తో రుద్ది బేస్ మళ్లీ కొట్టాల్సిందే. ఈసారి ఫెండర్‌నూ వెనక తలుపునూ కూడా బూడిద రంగు స్కఫ్ ప్యాడ్‌తోనో 1500 పేపర్‌తోనో గరుకు చేయించండి. తలుపు పూర్తిగా కప్పాక, తర్వాతి కోటు పక్క ప్యానెల్ మీదికి పది పదిహేను సెంటీమీటర్లు, ఆ తర్వాతిది ఇంకొంచెం దూరం వెళ్లి మాయమైపోవాలి. తలుపు అంచు దగ్గర టేప్ అంటించి ఆపేస్తే గీత గీసినట్టు తెలుస్తుంది. మూడు ప్యానెళ్లకూ అంచుల దాకా క్లియర్ వేయాలి. వెండి రంగుకు ఒక్క ప్యానెల్ మాత్రమే కొట్టి కలిపేస్తామని ఎవరైనా అంటే ఒప్పుకోవద్దు, ఎంత చెయ్యి తిరిగిన పెయింటరైనా సరే.

ప్రశ్న: గాజువాక ఆటోనగర్‌లో చిన్న షెడ్డు నాది. జూలైలో ఒక పద్మిని కారుకు ఎన్‌సీ లాకర్ (థిన్నర్ ఎగిరిపోగానే ఆరే పాతకాలం పెయింట్) మెటాలిక్ కొడితే పాలు ఒలికినట్టు తెల్లబారింది. ఇంకో బండికి టూకే క్లియర్ (హార్డెనర్ కలిపితే గట్టిపడేది) కొడితే సూదిమొన బుడగలు. తుపాను గాలీ లేదు, వానా పడలేదు. ఎందుకంటారు?
– ఎం., గాజువాక

జవాబు: వాన పడకపోయినా గాలిలో నీరుంది. 30 డిగ్రీల వేడి, 80 శాతం తేమ ఉన్న రోజున మంచు బిందువు, అంటే గాలిలోని తేమ నీరుగా మారే వేడి, సుమారు 26 డిగ్రీలు. థిన్నర్ ఎగిరిపోతూ రేకును చల్లబరుస్తుంది. నాలుగు డిగ్రీలు తగ్గితే చాలు, పూత మీద నీటి పొర పడుతుంది. లాకర్‌లో ఆ తెలుపు అదే. వేగంగా ఆరే థిన్నర్ మన విశాఖలో వానాకాలం పనికిరాదు. స్లో థిన్నర్ వాడండి, తప్పకపోతే ఆరడాన్ని ఆలస్యం చేసే రిటార్డర్ కొద్దిగా కలపండి. ఇప్పటికే తెల్లబారిన లాకర్‌కు, బాగా ఆరాక, రిటార్డర్ థిన్నర్ పలచగా మిస్ట్ కోట్ ఇస్తే చాలాసార్లు పొర కరిగి తేట పడుతుంది. మెటాలిక్‌లో తడి ఎక్కువైతే పొలుసులు కదులుతాయి, కాబట్టి బొట్టు జారేలా కొట్టొద్దు.

టూకే క్లియర్ సంగతి వేరు. హార్డెనర్‌లోని ఐసోసయనేట్ అనే రసాయనం నీటితో కలిస్తే కార్బన్ డయాక్సైడ్ పుడుతుంది, బుడగ అవుతుంది. మీ హార్డెనర్ డబ్బా వెలుతురులో పెట్టి చూడండి. మసకబారినా, అడుగున గింజలు కట్టినా పారేయండి. సగం వాడిన డబ్బా మూత వదులుగా పెట్టి వారం ఉంచితే ఇంతే. బరువుగా కొట్టి, ఆరనివ్వకుండా రెండో కోటు వేసినా థిన్నర్ లోపల చిక్కుకుని ఇలాంటి రంధ్రాలే వస్తాయి. కోటుకు కోటుకు మధ్య పది నిమిషాలు ఆగండి.

మూడో అనుమానం కంప్రెసర్. వేడి గాలి పైపులో చల్లబడ్డాక నీరవుతుంది. ఆ నీటిని వేరుచేసే సెపరేటర్‌ను కంప్రెసర్ పక్కనే పెడితే గాలి ఇంకా వేడిగా ఉంటుంది, నీరు దాటిపోతుంది. ఏడెనిమిది మీటర్ల ఇనప పైపు కంప్రెసర్ వైపు వాలుగా వేసి, సెపరేటర్‌ను గన్ వైపు చివర పెట్టండి. ట్యాంకు నీళ్లు రోజూ ఉదయం వదిలేయండి. పనికి ముందు గన్ గాలిని ఒక అద్దం ముక్క మీద అర నిమిషం ఊదించి చూడండి, చెమ్మ కనిపిస్తే ఆ రోజు క్లియర్ ముట్టుకోవద్దు.

వేళ కూడా చూసుకోవాలి. రాత్రంతా షెడ్డులో ఉన్న రేకు తెల్లవారి గాలి కంటే చల్లగా ఉంటుంది. ఏడింటికే మొదలుపెట్టకుండా పదకొండు దాకా ఆగండి. రేకు వేడి మంచు బిందువు కంటే కనీసం 3 డిగ్రీలు పైన ఉండాలి. దుమ్ము అణగడానికి నేలంతా నీళ్లు కొట్టే అలవాటు మాచర్లలో చెల్లుతుందేమో, సముద్రం పక్కన మానుకోవడమే మంచిది. మెటాలిక్ మొత్తం బండి పని అయితే డిసెంబరు, జనవరి నెలలకు పెట్టుకోండి.

ఇంకో మాట, ప్రాణం సంగతి. టూకే క్లియర్ కొట్టేటప్పుడు ముక్కుకు రుమాలు కట్టుకుంటే చాలదు. ఐసోసయనేట్ ఊపిరితిత్తులకు పడకపోతే ఉబ్బసం వస్తుంది, ఒకసారి వచ్చాక ఆ డబ్బా దరిదాపులకు వెళ్లలేరు. కార్ట్రిడ్జ్ మాస్కు, దాని పైన దుమ్ము ఫిల్టరు కనీస అవసరం. బయటి నుంచి శుభ్రమైన గాలి అందించే మాస్కు ఉంటే అదే సరైనది. పక్కన నిలబడే కుర్రాడికీ ఇవ్వండి.

ప్రశ్న: రాయి తగిలిన చిన్న చిన్న గాట్లకు టచప్ బ్రష్‌తో వెండి రంగు పెడితే నల్ల చుక్కల్లా కనిపిస్తున్నాయి.
– కె., సీతమ్మధార

జవాబు: కుంచెతో పెట్టిన బొట్టులో పొలుసులు ఇష్టం వచ్చినట్టు నిలబడతాయి, అందుకే నలుపు. సీసా రెండు నిమిషాలు కుదిపి, ఒక్క లావు బొట్టుకు బదులు పలచగా మూడు నాలుగు సార్లు, మధ్య అరగంట ఆగి పెట్టండి. పైన క్లియర్ బొట్టు. నూటికి నూరు కలవదు, రెండడుగుల నుంచి కనపడకపోతే అదే విజయం.

ప్రశ్న: తుప్పు గీయించి పుట్టీ పెట్టి పెయింట్ వేయించిన ఆరు నెలలకే ఉబ్బులు వచ్చాయి. మా ఇల్లు వన్‌టౌన్‌లో, సముద్రానికి దగ్గర.
– ఒక పాఠకురాలు

జవాబు: ఉప్పు, నీరు పెయింట్ కింద మిగిలిపోయాయమ్మా. తుప్పు గుంటల్లో ఉప్పు కూర్చుంటుంది. గీకాక మంచినీటితో కడిగి, చివరగా బ్యాటరీలో పోసే డిస్టిల్డ్ వాటర్‌తో తుడిచి, వెంటనే వేడి గాలితో ఆరబెట్టాలి. మెరిసే రేకును రాత్రికి వదిలేయకూడదు, అదే పూట ఎపాక్సీ ప్రైమర్ రెండు కోట్లు పడాలి. పుట్టీ ఆ ఎపాక్సీ మీదే పెట్టించండి. పెద్ద తప్పు ఇంకొకటి మన దగ్గర జరుగుతుంది: పాలిస్టర్ పుట్టీని నీళ్లు పోసి వాటర్ పేపర్‌తో రుద్దడం. పుట్టీ స్పాంజిలా నీరు తాగుతుంది, పైన ప్రైమర్ మూసేస్తుంది, ఎండ తగిలిన రోజున ఉబ్బుతుంది. పుట్టీకి 80, 180, 320 పొడి పేపర్లే. నీళ్ల రుద్దుడు సర్ఫేసర్ (రంగుకు ముందు నునుపు కోసం వేసే పూత) పడ్డాకే, 600 తర్వాత 800. మెటాలిక్ కింద ముతక గీతలు మిగిలితే వారం తర్వాత వెండి రంగులోంచి తేలుతాయి.

మీ ఏరియాలో పోర్టు నుంచి వచ్చే దుమ్ములో ఇనుప రజను కూడా ఉంటుంది. పాత పెయింట్ మీద చేయి ఆడిస్తే ఇసుకలా తగిలితే, రుద్దే ముందు క్లే బార్ (రజను అంటుకునే మెత్తటి మట్టి ముద్ద)తో తీయించండి. లేదంటే పేపర్ కింద పడి గీతలు పెడుతుంది.

ప్రశ్న: సెడాన్ మొత్తానికి ఎంత పెయింట్ కొనాలి?
– ఆర్., మధురవాడ

జవాబు: మామూలు సైజు సెడాన్ బయటివైపుకు థిన్నర్ కలపని బేస్ రెండు నుంచి రెండున్నర లీటర్లు, హార్డెనర్ కలిపిన క్లియర్ మూడు లీటర్ల దాకా పడుతుంది. తలుపుల అంచులు, డిక్కీ లోపల కూడా అయితే అర లీటరు అదనం. బానెట్ ఒక్కదానికి థిన్నర్ కలిపిన బేస్ 300 నుంచి 400 మిల్లీలీటర్లు. థిన్నర్, హార్డెనర్ పాళ్లు డబ్బా మీద ఉన్నవే పాటించండి, ఒక కంపెనీ హార్డెనర్ ఇంకో కంపెనీ క్లియర్‌లో వేయొద్దు. రెండు మూడు డబ్బాలు వస్తే అన్నీ ఒక పెద్ద డబ్బాలో పోసి కలిపాకే మొదలుపెట్టండి. బానెట్ ఒక డబ్బాతో, డిక్కీ ఇంకో డబ్బాతో కొడితే తేడా మీ కళ్లకే తెలుస్తుంది. పని అయ్యాక థిన్నర్ కలపని బేస్ పావు లీటరు గాజు సీసాలో నిండా పోసి, బిగుతుగా మూత పెట్టి, చివరి ఫార్ములా కాగితం, ఒప్పుకున్న స్ప్రే కార్డు దానికే కట్టి చీకటి బీరువాలో ఉంచండి.