టర్కీ సినిమాల్లో తొలి ముస్లిం నటి ఎవరు? ఆమె కెరీర్ ఎలా సాగింది?

ఒక్కరు కాదు, ఇద్దరు: బెదియా మువహ్హిత్, నెయ్యిరే నెయిర్. ఇద్దరూ తెరకెక్కింది ఒకే సినిమాతో, 1923లో వచ్చిన 'అతేష్తెన్ గోమ్లెక్' (నిప్పుల చొక్కా). దర్శకుడు ముహ్సిన్ ఎర్తూరుల్.

అప్పటిదాకా ముస్లిం స్త్రీలు నటించడానికి వీల్లేదు. ఆడవేషాలు ఎక్కువగా ఆర్మీనియన్, గ్రీకు నటీమణులే వేసేవారు. 1920లో స్టేజీ ఎక్కిన ముస్లిం నటి అఫీఫె జాలెను పట్టుకోవడానికి పోలీసులు నాటకశాలకే వచ్చేవారు. ఇక ఈ సినిమాకు మూలం రచయిత్రి హాలిదే ఎదిప్ టర్కీ స్వాతంత్ర్య యుద్ధంపై రాసిన నవల. అందులోని ఆయిషె పాత్రను టర్కిష్ మహిళే చేయాలని రచయిత్రి పట్టుబట్టారు. ఇజ్మీర్ నగరంపై దాడిలో భర్తనూ బిడ్డనూ పోగొట్టుకుని, యుద్ధరంగంలో నర్సుగా చేరే మనిషి ఆయిషె. ఆ వేషం బెదియాకు దక్కింది. అంతకుముందు ఆమె ఫ్రెంచ్ టీచరు. భర్త రెఫెత్ మువహ్హిత్ అప్పటికే నటుడు.

అదే 1923 వేసవిలో బెదియా ఇజ్మీర్‌లో నాటకం కూడా వేశారు. దానికి టర్కీ నాయకుడు ముస్తఫా కెమాల్ (అతాతుర్క్) ప్రోత్సాహం ఉంది. టర్కీని రిపబ్లిక్‌గా ప్రకటించింది ఆ అక్టోబరులో, అంటే ఈమె దానికన్నా ముందే రంగం మీద ఉన్నారన్నమాట!

తర్వాత అడపాదడపా సినిమాలు చేసినా, నా లెక్కలో ఆమె అసలు ఇల్లు రంగస్థలమే. ఇస్తాంబుల్ నగర నాటక సంస్థలో దశాబ్దాలు నటించారు. వయసు మళ్లాక సినిమాల్లో పెద్దింటి అమ్మగారి వేషాలకు పెట్టింది పేరయ్యారు. 1994లో కన్నుమూశారు. నెయ్యిరే మాత్రం దర్శకుడు ముహ్సిన్‌నే పెళ్లాడి, 1943లోనే చనిపోయారు.