సముద్రంలో కలిసే గోదారి నీళ్లు వృథాయేనా?

ఈ నెల వచ్చిన ఉత్తరాల్లో ఎక్కువ భాగం గోదావరి గురించి, కాకినాడ తీరం గురించి ఉన్నాయి. నేను పుట్టింది తాళ్లరేవు దగ్గర. ఉద్యోగమంతా కాకినాడలో జంతుశాస్త్రం పాఠాలు చెప్పడంతోనే గడిచింది. అందుకని ఈసారి శీర్షిక మొత్తం ఈ ఉత్తరాలకే కేటాయిస్తున్నాను.

ప్రశ్న: ఏటా టీవీల్లో, పేపర్లలో ఒకటే మాట. ధవళేశ్వరం నుంచి ఇన్ని వందల టీఎంసీలు వృథాగా సముద్రం పాలయ్యాయని. వ్యవసాయం చేసుకునేవాణ్ణి, వింటే కడుపు తరుక్కుపోతుంది. ఒక్క చుక్క కూడా పోకుండా ఆపే మార్గం లేదా మేడమ్?
– ఒక రైతు, రావులపాలెం

జవాబు: మీ బాధ నాకు తెలుసండి. కాలవ చివరి పొలాలకు నీరందక ఆకుమడులు ఎండిపోవడం మా వైపు ఊళ్లలో చూస్తూనే ఉన్నాను. కానీ 'వృథా' అన్న మాటను మాత్రం నేను ఒప్పుకోలేను. ఆ నీళ్ల మీద బతికే వాళ్లు కింద ఉన్నారు. వాళ్ల గురించి ఎవరూ లెక్క చెప్పరు కాబట్టి నేను చెబుతాను.

గోదావరి నుంచి సముద్రంలో కలిసేది ఏడాదికి సగటున సుమారు మూడు వేల టీఎంసీలు. అందులో చాలా మటుకు జులై నుంచి అక్టోబరు లోపే వచ్చి పడుతుంది. ప్రాణహిత, ఇంద్రావతి, శబరి ఒకేసారి పొంగితే బరాజ్ గేట్లన్నీ ఎత్తేయడం తప్ప చేయగలిగింది లేదు. 1986 ఆగస్టులో ధవళేశ్వరం దగ్గర ప్రవాహం 35 లక్షల క్యూసెక్కులు దాటింది. 2022 జులైలో 25 లక్షలు దాటింది. అంత నీటిని పట్టి దాచుకునే చోటు మనకు లేదు. ఉన్నా దాచుకోకూడదంటాను.

ఎందుకంటే వరద అంటే ఉత్త నీరు కాదు. దాంట్లో ఒండ్రు ఉంటుంది, నైట్రోజన్, ఫాస్ఫరస్ ఉంటాయి, రాళ్లు అరిగి కరిగిన సిలికా ఉంటుంది. ఆ సిలికాతో పెంకు కట్టుకునే కంటికి కనబడని నాచు మొక్కలున్నాయి, డయాటమ్‌లంటారు. ఎర్రనీరు మొగలు, అంటే నది సముద్రంలో కలిసే చోట్లు, దాటి సముద్రం మీద పరుచుకుని, బురద కాస్త తేరుకున్నాక ఈ డయాటమ్‌లు విపరీతంగా పెరుగుతాయి. వాటిని సన్నజీవులు తింటాయి, ఆ జీవుల్ని కవళ్లు, చిన్న చేపలు తింటాయి, వాటిని వంజరం లాంటి పెద్ద చేపలు తింటాయి. సముద్రానికి ఎరువు వేసే రైతు ఎవరూ లేరు. నది వేయాలి.

టైగర్ రొయ్య సంగతి చూడండి. గుడ్లు పెట్టేది సముద్రంలో. పిల్లలు పోటుతో పాటు లోపలికొచ్చి, కోరింగ, గాడేరు లాంటి పాయల్లో మడ చెట్ల వేళ్ల మధ్య కొన్ని నెలలు పెరుగుతాయి. కాస్త ఎదిగాక తిరిగి సముద్రంలోకి వెళ్లిపోతాయి. వాటికి పూర్తి ఉప్పునీరూ పనికిరాదు, పూర్తి మంచినీరూ పనికిరాదు, రెండూ కలిసిన నీరు కావాలి. మండపీతలకూ అంతే. స్టూడెంట్లను తీసుకుని భైరవపాలెం వెళ్లినప్పుడల్లా అక్కడి వేటగాళ్లు నాతో అనేవారు, "ఈ ఏడు ఎర్రనీరు బాగా దిగిందండి, రొయ్యకి ఢోకా లేదు" అని. సంస్థలు పడవలేసుకుని కొలిచి చెప్పే మాట వాళ్లు వలతో కొలిచి చెప్పేవారు.

అసలు కష్టం వరదలో లేదు, వేసవిలో ఉంది. జనవరి దాటాక బరాజ్ గేట్లు దింపేసి, వచ్చే నీరంతా తూర్పు, మధ్య, పశ్చిమ డెల్టాల కాలవల్లోకి మళ్లిస్తారు. దాళ్వాకు, అంటే రెండో పంట వరికి, అది కావాల్సిందే. కానీ అప్పుడు ధవళేశ్వరం కింద గౌతమి, వసిష్ఠ పాయల్లో నది దాదాపు ఆగిపోయినట్టే. సముద్రపు పోటు యానాం దాటి ఇంకా పైకి వచ్చేస్తుంది. తీరం దగ్గర ఊళ్లలో బోర్లు ఉప్పు తిరగడానికి ఇదొక కారణం. రొయ్యల చెరువులు ఇంకో కారణం.

కాటన్ దొర 1852లో ఆనకట్ట పూర్తి చేయకముందు ఈ జిల్లా కరువులతో, తుఫాన్లతో ఎంత చితికిపోయిందో మా ఇంట్లో పెద్దవాళ్లు కథలుగా చెప్పేవారు. ఆనకట్ట వద్దనే మాట నా నోట రాదు, పది లక్షల ఎకరాలు దాని మీద పండుతున్నాయి. నేను అడిగేది ఒకటే. వేసవిలో కూడా నదికి కొంత వాటా రాసిపెట్టండి. కాలవలకు ఎన్ని క్యూసెక్కులు అని లెక్క కట్టేటప్పుడు మొగలకు ఎన్ని అన్న గడి కూడా ఆ కాగితం మీద ఉండాలి.

ప్రశ్న: మా తాతగారి ఇల్లు ఇప్పుడు సముద్రంలో ఉంది. మా నాన్న కట్టిన ఇల్లు ఒడ్డున ఉంది. దీనికి గోదావరే కారణం అని ఒకాయన చెప్పారు. గోదావరి మొగలు మాకు చాలా దక్షిణాన కదా, ఎలా సంబంధం?
– ఒక పాఠకురాలు, ఉప్పాడ

జవాబు: సంబంధం ఉందమ్మా. నైరుతి రుతుపవనాల కాలంలో అలలు తీరం వెంట ఇసుకను దక్షిణం నుంచి ఉత్తరానికి నెడుతూ ఉంటాయి. గోదావరి తెచ్చిన ఇసుక అలా నడిచి నడిచి పేరుకునే గడిచిన రెండు వందల ఏళ్లలో హోప్ ఐలాండ్ తయారైంది. కాకినాడకు ఎదురుగా, పొడవుగా చెయ్యి అడ్డం పెట్టినట్టు ఉంటుంది. దాని వెనక ఉన్న నీరే కాకినాడ అఖాతం. రేవు, ఊరు ఆ ఇసుక తిప్ప చాటునే ఉన్నాయి. మీ ఉప్పాడ దాని చాటు దాటి ఉత్తరాన ఉంది. అలలు నేరుగా కొట్టే చోట, వాటికి కొట్టుకుపోయిన ఇసుక స్థానంలోకి కొత్త ఇసుక రావాలి. అది సరిపడా రావడం లేదు.

రాకపోవడానికి కారణాలు ఒకటి కంటే ఎక్కువే. తిప్ప తనే కొంత ఇసుకను పట్టేసుకుంటుంది. రేవు కట్టడాలు ఇసుక నడకను మారుస్తాయి. అన్నిటికంటే పెద్ద విషయం, నదే ఇసుక తేవడం తగ్గించింది. ఆంధ్రా యూనివర్సిటీ పరిశోధకులు లెక్క తీశారు. 1970ల్లో ధవళేశ్వరం దాటే ఒండ్రు ఏటా సగటున సుమారు 15 కోట్ల టన్నులు ఉండేది. 1990ల నాటికి 6 కోట్ల టన్నుల లోపుకు పడిపోయింది. జాయక్‌వాడి, శ్రీరాంసాగర్ మొదలుకుని పైనున్న ప్రతి జలాశయం అడుగునా అది పేరుకుపోయి ఉంది. నీటి గురించి రాష్ట్రాలు ట్రిబ్యునల్ దాకా వెళ్లాయి. మట్టి గురించి మాట్లాడిన ప్రభుత్వం ఒక్కటీ నాకు గుర్తు లేదు. ఇది నాకు నిజంగా కోపం తెప్పించే విషయం.

రాళ్లు పోసినా, జియో ట్యూబులు (ఇసుక నింపిన పెద్ద గుడ్డ గొట్టాలు) పరిచినా కోత కొన్నాళ్లు ఆగుతుంది. గోడ కట్టిన చోట ఆగిన కోత పక్క ఊరికి జరుగుతుంది. మీరు మీ నాన్నగారి ఇంటిని నమ్ముకుని అక్కడే ఇంకో గది వేయకండి. ఇలా రాయడం నాకు కష్టంగానే ఉంది, కానీ వేరే మాట చెప్పి మిమ్మల్ని మభ్యపెట్టలేను. పునరావాసం కింద స్థలం ఇస్తామంటే, వేటకు వెళ్లే దూరం, పడవ కట్టుకునే చోటు చూసుకుని, ఊరంతా కలిసి అడగండి.

ప్రశ్న: జగన్నాథపురం వంతెన మీద నడుస్తుంటే ఉప్పుటేరు వాసన భరించలేకపోతున్నాం. ఇదంతా సముద్రంలో కలిసిపోతుందిగా, సముద్రం అంత పెద్దది, ఏమవుతుందిలే అంటారు మా ఆఫీసులో వాళ్లు. నిజమేనా?
– ఒక పాఠకుడు, కాకినాడ

జవాబు: నిజం కాదు. ఉప్పుటేరు నేరుగా నడిసముద్రంలో కలవదు, ముందు అఖాతంలో కలుస్తుంది. ఆ అఖాతం లోతు తక్కువ. ఒకవైపు నేల, ఒకవైపు హోప్ ఐలాండ్, దక్షిణాన మడ అడవి. తెరుచుకున్నది ఉత్తరం వైపే. నీరు మారడానికి టైమ్ పడుతుంది. ఊరి డ్రైనేజీ, పొలాల ఎరువుల నీరు, ఫ్యాక్టరీల నీరు, రొయ్యల చెరువుల నుంచి వదిలే నీరు, అన్నీ చేరేది అక్కడికే. నది తెచ్చే నైట్రోజన్ మంచిదని పైన రాశాను. అదే నైట్రోజన్ మోతాదు మించి, ఏడాది పొడవునా పడుతుంటే నాచు అతిగా పెరిగి, చచ్చి, కుళ్లి నీటిలో ఆక్సిజన్ తినేస్తుంది. అడుగున కదలకుండా ఉండే గుల్లలకు పారిపోయే వీలు ఉండదు, ముందు పోయేవి అవే. ఆటు సమయంలో బయటపడే బురద నేల, అంటే పర్ర, మీద గుల్లలు ఏరుకుని బతికే ఆడవాళ్లు ఉన్నారు. వాళ్ల బుట్ట చూస్తే అఖాతం ఎలా ఉందో తెలిసిపోతుంది.

చెరువుల విషయంలో 1996 డిసెంబరులో సుప్రీంకోర్టు తీర్పు వచ్చింది, 2005లో కోస్టల్ ఆక్వాకల్చర్ అథారిటీ చట్టం వచ్చింది. పెద్ద చెరువులు వాడిన నీటిని శుద్ధి చేశాకే వదలాలి. రాత్రిపూట తూములు ఎత్తేయడం మీ కంట పడితే తేదీ, చోటు రాసుకుని, ఫొటో తీసి మత్స్యశాఖకు, కాలుష్య నియంత్రణ మండలికి రాతపూర్వకంగా ఇవ్వండి. ఫోన్లో చెబితే పోతుంది. కాగితం ఫైల్లో ఉంటుంది.

ప్రశ్న: పులసను చెరువుల్లో పెంచలేరా? అంత రేటు ఎందుకు?
– రాజమండ్రి

జవాబు: పెంచి అమ్మే స్థాయికి ఇంకా ఎవరూ రాలేదు. సముద్రంలో దాన్ని ఇలస అంటాం, వరదకు ఎదురీది గోదాట్లోకి వస్తే పులస. గుడ్లు పెట్టడానికి పైకి వస్తుంది, ధవళేశ్వరం దగ్గర గోడ తగులుతుంది. గంగలో 1975లో ఫరక్కా బరాజ్ వచ్చాక దాని పైన ఇలసలు ఇలాగే తగ్గిపోయాయి. దానికి తోడు మన దగ్గర మొగలోనే వలలు అడ్డం వేసేస్తున్నారు, పైకి వచ్చేవి ఎన్ని? అందుకే యానాం వేలంలో ఒక్క చేప ఇరవై వేలు దాటిన రోజులున్నాయి. బజార్లో ఒడిశా నుంచి ఐసులో వచ్చిన ఇలసను పులస అని అంటగడతారు, జాగ్రత్త. నన్నడిగితే సన్నకన్ను వలలు ఆపి, పిల్లలు తిరిగి సముద్రానికి చేరేదాకా ఓపిక పడితే చాలు.

ప్రశ్న: మేం ఇంటర్ చదువుతున్నాం. ఎన్ఎస్ఎస్ తరఫున కోరింగలో వెయ్యి మడ మొక్కలు నాటాలని ప్లాన్. ఏ మొక్కలు మంచివి?
– విద్యార్థినులు, అమలాపురం

జవాబు: మీ ఉత్తరం చదివి చాలా సంతోషించానర్రా. నాటే ముందు ఒక్క మాట. మడ అడవి ఎక్కడైనా పోయిందంటే మొక్కలు లేక కాదు, చాలాసార్లు నీరు ఆడక. చెట్లు నరికిన చోట నేల కుంగి గుంట అవుతుంది. పోటు నీరు లోపలికొచ్చి వెనక్కి పోలేక ఎండకు ఇగిరిపోయి, ఉప్పు పేరుకుంటుంది. అక్కడ ఎన్ని నాటినా చస్తాయి. 1990ల చివర్లో స్వామినాథన్ గారి పరిశోధనా సంస్థ వాళ్లు, అటవీశాఖ, చుట్టుపక్కల ఊళ్ల వాళ్లు కలిసి అలాంటి చోట్ల చేపముల్లు ఆకారంలో కాలవలు తవ్వారు. మధ్యలో ఒక పెద్ద కాలవ, దాని నుంచి ఇటూ అటూ చిన్నవి. పోటు, ఆటు మళ్లీ ఆడాయి, ఉప్పు కడుక్కుపోయింది, నాటినవి నిలిచాయి. మీ వెయ్యి మొక్కల బదులు పూడిపోయిన ఒక కాలవలో పూడిక తీయడానికి సాయం చేస్తే, ఆ కాలవ పక్కన విత్తనాలు నీటితో కొట్టుకొచ్చి వాటంతట అవే మొలుస్తాయి.

తప్పకుండా నాటాలనుకుంటే చోటును బట్టి ఎంచుకోండి. ఎక్కువ ఉప్పును తట్టుకునేది తెల్లమడ. దాని ఆకు నాలుకకు తగిలిస్తే ఉప్పగా ఉంటుంది, ఒంట్లోని ఉప్పును ఆకుల్లోంచి బయటికి నెట్టేస్తుంది. కాలవ ఒడ్డున, నీరు బాగా ఆడే చోట ఉప్పు పొన్న. తిల్ల చెట్టు జోలికి చేతులతో పోవద్దు, దాని పాలు కంట్లో పడితే చూపు పోయే ప్రమాదం ఉంది. ఇంకో ముఖ్యమైన సంగతి. ఖాళీగా ఉందని బురద పర్ర మీద, ఇసుక తిన్నెల మీద నాటకండి. ఆ పర్రల మీద చలికాలంలో దూర దేశాల పక్షులు మేత మేస్తాయి. ఆ ఇసుకలో జనవరి నుంచి ఆలివ్ రిడ్లే తాబేళ్లు గుడ్లు పెడతాయి. అవి ఖాళీ స్థలాలు కావు.

కోరింగ 1978 నుంచి అభయారణ్యం కాబట్టి అటవీశాఖ అనుమతి లేకుండా లోపల మొక్క నాటకూడదు. ముందు రేంజ్ ఆఫీసులో మీ కాలేజీ లెటర్ ఇచ్చి, ఏ కాలవ పూడిందో వాళ్లనే అడగండి. ఆటు ఏ టైముకో తెలుసుకుని వెళ్లండి. మోకాలు లోతు బురదలో చెప్పులు నిలవవు, పాత కాన్వాస్ బూట్లు వేసుకోండి. ఊపిరి వేర్లు మేకుల్లా పైకి పొడుచుకుని ఉంటాయి, ఉత్త కాళ్లతో దిగకండి.