ఆయన ఏం ఉంచారో అది రాయి

తమ్ముడూ,

డాక్యుమెంటరీ దర్శకుడు ఆనంద్ పట్వర్ధన్ మీద నువ్వు రాసిన వ్యాసం శ్రద్ధగా చదివాను. బాగా కష్టపడ్డావు. కానీ మొదటి పేజీలోనే ‘సాహసి’, ‘రాజీలేని కళాకారుడు’, ‘ప్రజల గొంతుక’ అన్నీ వచ్చేశాయి. ఈ మాటలు ఏ ఉద్యమకారుడి సంస్మరణ సంచికలోనైనా సరిపోతాయి. ఆయన సినిమా ఎలా తీస్తారో మాత్రం చివరిదాకా చదివినా తెలియలేదు.

డాక్యుమెంటరీలు మన ఊళ్లలో హాళ్లకు రావు. నీ పాఠకుల్లో చాలామంది ఈ సినిమాలు చూసి ఉండరు. నువ్వు రాసి చూపించిందే వాళ్లకు దక్కేది.

‘హమారా షహర్’ మళ్లీ చూడు. బొంబాయిలో గుడిసెలు కూల్చిన రోజుల మీద 1985లో వచ్చిన సినిమా. అందులో ఒకావిడ కెమెరా వాళ్ల మీదే విరుచుకుపడుతుంది. పేదోళ్ల ఫొటోలు తీసి పేరు తెచ్చుకోవడానికి వచ్చారు, మాకేం ఒరగబెడతారని నిలదీస్తుంది. ఎడిటింగ్‌లో ఆ ముక్క తీసేస్తే ఎవరికీ తెలిసేది కాదు. ఆయన ఉంచారు. తన మీద పడ్డ నిందను కూడా సినిమాలో భాగం చేశారు. శైలి గురించి నువ్వు వెతుక్కుంటున్నది అక్కడుంది.

అదే సినిమాలో దళిత కవి, గాయకుడు విలాస్ ఘోగ్రే పాడతాడు. 1997 జులైలో బొంబాయి ఘాట్‌కోపర్‌లోని రమాబాయి కాలనీలో అంబేడ్కర్ విగ్రహానికి చెప్పుల దండ వేశారు. జనం రోడ్డెక్కారు. పోలీసు కాల్పుల్లో 10 మంది చనిపోయారు. కొద్ది రోజులకే ఘోగ్రే ఉరేసుకున్నాడు. తన సినిమాలో పాడిన మనిషి అలా పోయాక పట్వర్ధన్ మొదలుపెట్టిన చిత్రీకరణ 2011లో ‘జై భీమ్ కామ్రేడ్’ అయింది. నువ్వు ‘14 ఏళ్ల సుదీర్ఘ కృషి’ అని ఒక్క వాక్యంలో దాటేశావు. అన్నేళ్లలో ఏం జరిగిందో రాయి. కాల్పుల కేసు కోర్టులో ఏళ్ల తరబడి నడిచింది. ఈలోగా పుణె సాంస్కృతిక బృందం కబీర్ కళా మంచ్ కుర్రాళ్లు పాటలతో వచ్చారు. మూడు గంటలు దాటే ఆ సినిమాను నడిపించేది పాటే. గద్దర్ పాట విన్న మనవాళ్లకు పాట సభను ఎలా లేపుతుందో విడమరిచి చెప్పక్కర్లేదు, కాబట్టి ఇక్కడ ధైర్యంగా విస్తరించు.

సెన్సారు గొడవలకు రెండు పేజీలు ఎక్కువ. అణు పరీక్షల మీద తీసిన ‘జంగ్ ఔర్ అమన్’కు కోతలు పెట్టమంటే బొంబాయి హైకోర్టుకెక్కి, ఒక్క కోత లేకుండా విడుదల చేసుకున్నారు. అది ఒక పేరా చాలు.

అయోధ్య వివాదం మీద తీసిన ‘రామ్ కే నామ్’లో కనిపించే రామజన్మభూమి పూజారి లాల్‌దాస్ ఊసే ఎత్తలేదేం? 1993లో ఆయన హత్యకు గురయ్యారు. ఆ సంగతి చెప్పే ముందు, కెమెరా ఎదుట ఆయన ఎంత నిబ్బరంగా మాట్లాడారో, పట్వర్ధన్ ఎక్కడ ప్రశ్న వేశారో, ఎక్కడ ఊరుకున్నారో చూసి రాయి.

తిరగరాసి పంపు. ఎంత పొడవైనా చదువుతాను.

ఆశీస్సులతో,
మీ అన్నయ్య