ట్యూలిప్ గడ్డలు కుళ్లాయి, ఎర్ర లిల్లీ పూయడం లేదు: నీళ్లు ఎలా పోయాలి?

ప్రశ్న: మాది మదనపల్లె, ఉండేది బెంగళూరు హొరమావులో. నవంబరులో ఆన్‌లైన్‌లో పది ట్యూలిప్ గడ్డలు తెప్పించి, టెర్రస్ మీద కోకోపీట్ (కొబ్బరి పొట్టు) నింపిన కుండీల్లో పెట్టాను. పొద్దున, సాయంత్రం తప్పకుండా నీళ్లు పోశాను. జానెడు ఆకులు వచ్చి పసుపు తిరిగాయి. పీకి చూస్తే గడ్డలు మెత్తబడి వాసన కొడుతున్నాయి. అమ్మ ఇచ్చిన ఎర్ర లిల్లీ గడ్డలు మూడేళ్లుగా సజ్జా కింద కుండీలో గుబురుగా ఆకులు వేస్తున్నాయి గానీ ఒక్క పువ్వూ లేదు. ఇప్పుడు ఫిబ్రవరి వచ్చేసింది. ఈ ఎండాకాలమైనా పూయాలంటే నీళ్లు ఎలా పోయాలి?
– ఒక గృహిణి, బెంగళూరు

జవాబు: ట్యూలిప్ విషయంలో మీ తప్పు సగమే అమ్మా. మిగతా సగం మన ఊరి వాతావరణానిది. ట్యూలిప్ గడ్డ పూకాడ వేయాలంటే 12 నుంచి 16 వారాలు సుమారు 9 డిగ్రీల లోపు చలి తగలాలి. బెంగళూరులో డిసెంబరు, జనవరి రాత్రులు మామూలుగా 15, 16 డిగ్రీల దగ్గరే ఆగిపోతాయి. శ్రీనగర్‌లో ఉన్న ట్యూలిప్ తోటలో కూడా శీతాకాలానికి ముందే గడ్డలు నాటుతారు. చలికాలమంతా మట్టిలో ఉండి మార్చి చివర, ఏప్రిల్‌లో పూస్తాయి. ఆ చలి మన దగ్గర ఫ్రిజ్‌లో తప్ప దొరకదు.

మళ్లీ ప్రయత్నించాలనిపిస్తే సెప్టెంబరులో గడ్డలు తెప్పించి, కాగితం సంచిలో వేసి, ఫ్రిజ్‌లో కూరగాయల అరలో మూడు నెలలు ఉంచండి. పక్కన ఆపిల్, అరటి పెట్టకండి. పండ్లు వదిలే ఇథిలీన్ వాయువుకు గడ్డ లోపలి పూమొగ్గ మాడిపోతుంది. డిసెంబరు చివర నాటితే పూలు రావచ్చు. అయితే ఒక్కసారే. మన ఎండలకు ఆ గడ్డ మళ్లీ బలం పుంజుకోదు. ఆ డబ్బుకు నేనైతే ట్యూలిప్ కొనను. కుళ్లిన గడ్డలను, ఆ కోకోపీట్‌ను చెత్తలో వేయండి, కంపోస్టులో కలపవద్దు.

మీరు అసలు అడిగింది నీళ్ల గురించి. గడ్డ అంటే మొక్క తనకోసం దాచుకున్న నీళ్లు, తిండి. ఆకు లేనప్పుడు దానికి మన నీళ్లు దాదాపు అక్కర్లేదు, అప్పుడు పోసినవన్నీ కుళ్లుకే పనికొస్తాయి. నాటిన రోజు ఒక్కసారి బాగా తడిపి, మొలక కనిపించేదాకా ఆగాలి. ఆకులు వచ్చాక వేలు రెండో కణుపు దాకా మట్టిలో గుచ్చి, పొడిగా తగిలితేనే పోయాలి. కోకోపీట్ ఇక్కడే మోసం చేస్తుంది. పైన ఎండి లేత రంగులో కనబడుతుంది, అడుగున తడి గుడ్డలా ఉంటుంది. అందుకే కుండీ ఎత్తి చూడండి, బరువుగా ఉంటే ఆ రోజు నీళ్లు మానేయండి. పోసేటప్పుడు కుండీ అంచు వెంట పోయండి, గడ్డ మెడలో నీళ్లు నిలవకూడదు. బియ్యం కడిగిన నీళ్లు పోసినా అంతే. కింద పెట్టిన ప్లేటులో నిలిచిన నీళ్లు ఎప్పటికప్పుడు పారబోయండి.

ఇక అమ్మ ఇచ్చిన ఎర్ర లిల్లీ. నర్సరీల్లో దీన్ని అమరిల్లిస్ అంటారు, శాస్త్రీయంగా హిప్పియాస్ట్రమ్. దక్షిణ అమెరికా మొక్క, దీనికి ఫ్రిజ్ చలి అక్కర్లేదు. ఇది గడ్డ లోపల సుమారు నాలుగు ఆకులకు ఒక పూమొగ్గ చొప్పున తయారు చేసుకుంటుంది. అది బయటికి రావడానికి నెలలు పడుతుంది. కాబట్టి మార్చిలో వచ్చే పువ్వు అంతకుముందు ఏడాది ఆకులు సంపాదించి పెట్టిందే. సజ్జా నీడలో ఆ సంపాదన ఉండదు. పైగా మూడేళ్లలో పిల్ల గడ్డలు పుట్టి కుండీ ఇరుకైపోయి ఉంటుంది. గుబురుగా ఉందని ఆకులు కత్తిరిస్తుంటే అది ఇంకో నష్టం.

ఈ వారమే కుండీ బోర్లించి గడ్డలు విడదీయండి. రెండు పాళ్లు ఎర్రమట్టి, ఒక పాలు ఇసుక, ఒక పాలు బాగా చివికిన పశువుల ఎరువు కలపండి. గడ్డ కంటే కొంచెమే పెద్దదైన కుండీ తీసుకుని, గడ్డలో మూడో వంతు మట్టి పైకి కనబడేలా నాటండి. పొద్దుటి ఎండ నాలుగైదు గంటలు తగిలేచోట పెట్టండి. ముదురు గడ్డల్లో మొగ్గ ఇప్పటికే ఉంటే ఈ ఎండాకాలమే ఒకటో రెండో పూయవచ్చు. మిగతావి వచ్చే ఏడాదికే.

పూలు వాడాక కాడ మాత్రం కోయండి, ఆకుల జోలికి వెళ్లకండి. వానలు ముగిసేదాకా ఎండా ఎరువూ అందించండి. అక్టోబరులో ఇక్కడ వానలు గట్టిగానే పడతాయి కదా, ఆ నెలాఖరుకు కుండీలు సజ్జా కిందికి జరిపి నీళ్లు తగ్గించుకుంటూ రండి. నవంబరు, డిసెంబరు పూర్తిగా మానేయండి. ఆకులు పండి రాలుతుంటే టెన్షన్ పడి నీళ్లు పోయకండి, అది నిద్రపోతోంది. జనవరి చివర ఒక్కసారి బాగా తడిపి, మళ్లీ ఎండలోకి తెండి.

నల్లటి ఒంటి మీద తెల్ల, పసుపు మచ్చలున్న గొంగళిపురుగులు కనిపిస్తే వెంటనే ఏరి సబ్బు నీళ్లలో వేయండి. రెండు రోజులు ఆలస్యమైతే ఆకు తినేసి గడ్డలోకి దిగుతాయి.

ఖాళీ అయిన ట్యూలిప్ కుండీల్లో రెయిన్ లిల్లీ, ఫుట్‌బాల్ లిల్లీ పెట్టండి. వాసన కావాలంటే హెసరఘట్ట ఐఐహెచ్‌ఆర్ (ఉద్యాన పరిశోధన సంస్థ) వారి అర్కా ప్రజ్వల్ రకం నేలసంపెంగ మంచిది. ఈ నేలసంపెంగ ఒక్కదానికి పూస్తున్నంతకాలం తడి తగ్గకూడదు.

విడదీసిన పిల్ల గడ్డలను వంటింట్లో ఉల్లిగడ్డల బుట్ట దగ్గర పెట్టకండి. చూడ్డానికి అచ్చం ఉల్లిలాగే ఉంటాయి, తింటే వాంతులు పట్టుకుంటాయి. ఇంట్లో కుక్క ఉంటే దానికీ అందకుండా చూడండి.