ఆదిల్ ఇమామ్ సినిమాలు ఎక్కడి నుంచి మొదలుపెట్టాలి?

ఈజిప్టు నటుడు ఆదిల్ ఇమామ్‌ని గల్ఫ్‌లో అందరూ అంతగా ఎందుకు మోస్తారు, ఏ సినిమాతో మొదలుపెట్టాలి అని కదా మీ ప్రశ్న. కువైట్‌లో పనిచేసినప్పుడు మా ఫోర్‌మన్ మిస్రీ, అంటే ఈజిప్టువాడు. ఆయన పుణ్యమా అని చాలానే చూశాను.

నా మాట వింటే 1992లో వచ్చిన ‘అల్ ఇర్హాబ్ వల్ కబాబ్’తో మొదలుపెట్టండి. కైరో తహ్రీర్ స్క్వేర్‌లో ముగమ్మ అని అప్పట్లో పెద్ద సర్కారీ ఆఫీసుల భవనం. పిల్లల్ని వేరే స్కూలుకి మార్పించే కాగితం కోసం హీరో దాని చుట్టూ తిరుగుతుంటాడు. ఒక గదిలో సీటు ఖాళీ, ఇంకో గదిలో గుమస్తా ఎప్పుడు చూసినా నమాజులోనే ఉంటాడు. ఓపిక నశించి గొడవపడితే, ఆ తోపులాటలో గార్డు తుపాకీ ఇతని చేతికొస్తుంది. అంతే, ఉగ్రవాది అయిపోతాడు! బయట పోలీసులు ‘నీ డిమాండ్లేంటి’ అంటే ఇతనికి ఏం అడగాలో తెలియదు. లోపల ఇరుక్కున్న జనాన్నే అడిగి చివరికి కబాబ్ తెప్పించమంటాడు. తహసీల్దారు ఆఫీసులో పాస్‌బుక్కు కోసం తిరిగినవాడిని, నాకు సబ్‌టైటిల్స్ అవసరమే పడలేదు. మా ఫోర్‌మన్ అయితే నమాజు సీను రాకముందే నవ్వడం మొదలుపెట్టేవాడు. పాస్‌పోర్టు కోసం ఆయనా ఆ మెట్లు ఎక్కినవాడే మరి.

ఆదిల్ ఇమామ్ పుట్టింది 1940లో. కైరో యూనివర్సిటీలో వ్యవసాయం చదివి, చిన్నచిన్న వేషాలతో నాటకాల్లోకి వచ్చాడు. 1970ల మొదట్లో అల్లరి విద్యార్థుల మీద వచ్చిన ‘మద్రసత్ అల్ ముషాఘిబీన్’ నాటకంతో పేరు మోగిపోయింది. ఇప్పటికీ పండగలకి టీవీలో వేస్తారు. కానీ అరబీ రాకపోతే అందులో సగం జోకులు తలమీంచి పోతాయి, దాన్ని తర్వాతకి ఉంచుకోండి.

ఆయన ధైర్యం తెలియాలంటే 1994 నాటి ‘అల్ ఇర్హాబీ’ చూడాలి. మతం పేరుతో హత్యలు జరుగుతున్న రోజుల్లో ఒక తీవ్రవాది పాత్ర తనే వేశాడు. పాత సినిమాల్లో ఇస్లాంని కించపరిచాడంటూ 2012లో కింది కోర్టు మూడు నెలల జైలు వేసింది కూడా. అప్పీల్లో కొట్టేశారు. ‘యాకూబియన్ బిల్డింగ్’ (2006)లో ఆడవాళ్ల వెంటపడే ముసలి పాషాగా (పాతకాలపు దొర) వేషం, నా లెక్కలో నటన పరంగా అదే ఆయన బెస్ట్. అందులో నవ్వించాలన్న తాపత్రయం కనపడదు.

టీవీకి 1980లో ఒక గూఢచారి సీరియల్ చేసి, మళ్లీ 2012 రంజాన్‌కి ‘నాజీ అతల్లా’తో వచ్చాడు. అక్కడి నుంచి 2020 ‘వాలెంటినో’ దాకా దాదాపు ప్రతి రంజాన్‌కీ ఒకటి. ఇఫ్తార్ కాగానే క్యాంపులో మిస్రీలందరూ టీవీకి అతుక్కుపోయేవారు. నాకైతే ఒకటి రెండు తప్ప మిగతావి సాగదీసినట్టే అనిపించాయి, పేరు మీద ఆడించారు. ఈ మాట మాత్రం మిస్రీల ముందు అనకండి. మా ఫోర్‌మన్ రెండు రోజులు నాతో సరిగా మాట్లాడలేదు.