మిల్లు దివాలా తీసింది, పొలం కాదు

చిరంజీవి శ్రీనుకు,

మన పొలం లీజుకు తీసుకున్న పత్తి మిల్లు కంపెనీ దివాలా తీసిందని, ఆస్తులమ్మి అప్పులు తీర్చమని (అదే లిక్విడేషన్) కంపెనీ లా ట్రిబ్యునల్ ఆర్డరు ఇచ్చిందని, నువ్వు మిల్లు గేటుకు తాళం వేశావని చెప్పావు. ముందు ఆ తాళం తీసెయ్. పొలం మనదే, కాదనను. కానీ లోపలున్న జిన్నింగ్ మిషన్లు, ప్రెస్సు, కాటా మనవి కావు. అందులో ఒక మోటారు మాయమైనా నీ మెడకే చుట్టుకుంటుంది. బ్యాంకులో రికవరీ సీట్లో పనిచేసినవాణ్ణి కాబట్టి చెబుతున్నా, అవతలివాళ్లు ఇలాంటి తప్పు కోసమే చూస్తుంటారు.

పొలం వేలం వేసేస్తారేమోనని వదిన నిద్రపోవడం లేదన్నావు. ఆ టెన్షన్ వద్దని చెప్పు. 2016 దివాలా చట్టం సెక్షన్ 36 ప్రకారం, వాడుకోవడానికి మాత్రమే కంపెనీ చేతిలో ఉన్న ఇతరుల ఆస్తి లిక్విడేషన్‌లో కలవదు. అయితే లీజు గడువు దాకా అక్కడ ఉండే హక్కు ఉంది చూశావూ, అది కంపెనీది. లిక్విడేటర్, అంటే కంపెనీ ఆస్తులు అమ్మిపెట్టడానికి ట్రిబ్యునల్ పెట్టిన మనిషి, దాన్ని మిల్లుతో కలిపి అమ్మాలని చూస్తాడు. నువ్వు భయపడాల్సింది దానికే.

కాబట్టి లీజు దస్తావేజు తీసి నిదానంగా చదువు. యజమాని రాతపూర్వక అనుమతి లేకుండా హక్కులు ఇంకొకరికి బదిలీ చేయకూడదన్న షరతు ఉందా? ఉంటే వేలం ప్రకటన వచ్చేదాకా ఆగకుండా ఆ షరతు ఎత్తి చూపుతూ లిక్విడేటర్‌కు రిజిస్టర్డ్ పోస్టులో ఉత్తరం పెట్టు, ఈమెయిల్ కూడా చెయ్యి. ఆ షరతు లేకపోతే కొన్నవాడు వచ్చి మిగిలిన ఏళ్లు నేనుంటానంటే కాదనడం కష్టం. ఈసీ (ఆస్తి మీద రిజిస్టరైన లావాదేవీలు చూపే పత్రం) కూడా తీయించు. మిల్లువాళ్లు లీజు హక్కును బ్యాంకుకు తనఖా పెట్టి ఉంటే అందులో కనబడొచ్చు.

ఇక బాకీ అద్దె. ఫారం సి నింపి, ఆర్డరు వచ్చిన నాటి నుంచి 30 రోజుల్లో లిక్విడేటర్‌కు క్లెయిమ్ ఇవ్వాలి. ఆఖరు తేదీ పేపరు ప్రకటనలోనే ఉంటుంది. ముందటి విడతలో, అంటే కంపెనీని నిలబెట్టే ప్రయత్నంలో బాకీల వసూళ్లు ఆపి ఉంచిన (మారటోరియం) రోజుల్లో క్లెయిమ్ ఇచ్చి ఉంటే దాన్ని ఇప్పటి లెక్కతో సరిచేసి మళ్లీ ఇవ్వు. పట్టాదారు పాస్‌బుక్ వదిన పేర ఉంది, లీజిచ్చింది ఆమే, కాబట్టి సంతకం ఆమే పెట్టాలి. లిక్విడేషన్ ఆర్డరు తేదీ వరకు బాకీపడ్డ అద్దెకే ఈ క్లెయిమ్. ఆ తర్వాత సామాను మన స్థలంలో పెట్టుకున్నందుకు అయ్యే అద్దెను లిక్విడేషన్ ఖర్చుల కింద చెల్లించమని విడిగా రాయి. వాళ్లిచ్చిన అడ్వాన్సు మీ దగ్గర ఉంటే దాచకుండా చూపించు, బాకీలో సర్దుబాటు అవుతుంది. క్లెయిమ్ కొట్టేస్తే ఆ కబురు అందిన 14 రోజుల్లో ట్రిబ్యునల్‌కు అప్పీలు వెళ్లాలి.

పాత బాకీ మీద మాత్రం పెద్దగా ఆశ పెట్టుకోకు. ముందు ప్రక్రియ ఖర్చులు, తర్వాత కార్మికుల బకాయిలు, తనఖా ఉన్న బ్యాంకులు, ఉద్యోగులు, తనఖా లేని అప్పులవాళ్లు, సర్కారు... ఇంతమంది తిన్నాక మన విస్తరి. అందుకే నీ శక్తంతా పొలం చేతికి తెచ్చుకోవడం మీద పెట్టు.

దానికో దారుంది. భారమైన షరతులున్న ఆస్తినో, గిట్టుబాటు కాని ఒప్పందాన్నో వదులుకోవడానికి అనుమతివ్వమని లిక్విడేటర్ ట్రిబ్యునల్‌ను అడగొచ్చు. మామూలుగా 6 నెలల గడువు. ‘ఈ లీజు వదులుకుంటారా, లేదా?’ అని నువ్వే లిఖితపూర్వకంగా అడుగు. నెలలోగా అతను తన ఉద్దేశం చెప్పకపోతే ఆ తర్వాత వదులుకునే దరఖాస్తు పెట్టలేడు, అందుకని మీ ఉత్తరాన్ని పక్కన పడేయడు. వదులుకుంటే, దానివల్ల జరిగిన నష్టానికి కూడా మీరు క్లెయిమ్ చేసుకోవచ్చు.

లీజు రద్దయ్యే కారణం దస్తావేజులో ఉండి, అతను కదలకపోతే, మిషన్లు తీసుకుపోయి స్థలం అప్పగించమని ట్రిబ్యునల్‌లో దరఖాస్తు వేయించు. ఆదోని మిల్లు కంపెనీ రిజిస్టర్డ్ ఆఫీసు ఆంధ్రప్రదేశ్‌లోనే ఉంటే అమరావతి బెంచ్ చూస్తుంది. ఊళ్లో వకీలు నేరుగా సివిల్ కోర్టులో దావా వేద్దామంటే ఒప్పుకోకు. లిక్విడేషన్‌లో ఉన్న కంపెనీ మీద కొత్తగా దావా వేయడానికి ఈ చట్టం ఒప్పుకోదు, ఫీజు దండగ.

ఈ మధ్యలో లిక్విడేటర్ మనుషులు మిషన్ల జాబితా రాసుకోవడానికి వస్తే రానివ్వు. జాబితా నకలు అడిగి తీసుకో, ఫోటోలు తీయించు. నోటిమాట మీద దేనికీ సరేననకు. దస్తావేజులో బదిలీ షరతు, రద్దు షరతు ఉన్న పేజీలు రేపు వాట్సాప్‌లో పంపించు, ఉత్తరం చిత్తుప్రతి నేను రాసిస్తాను.

ఆశీస్సులతో,
మీ బాబాయి