'నెక్స్ట్ ఫ్లోర్'లో నేల ఎందుకు కూలుతుంది?

డెనీ విల్నవ్ 2008లో తీసిన ఈ కెనడా లఘుచిత్రంలో నేల కూలేది బల్ల, అతిథులు, ఆగకుండా వచ్చిపడే మాంసం అన్నీ కలిసిన బరువు వల్లే. పదకొండు మంది బల్ల చుట్టూ కూర్చుని మౌనంగా తింటూనే ఉంటారు. పళ్లేలు వచ్చేకొద్దీ పాత భవనం కిర్రుమంటుంది, చివరికి నేల తెగి అందరూ కుర్చీలతో సహా కింది అంతస్తులో పడతారు. పెద్ద వడ్డనగాడు "నెక్స్ట్ ఫ్లోర్" అంటాడు. వడ్డించేవాళ్లు, వాద్యకారులు మెట్లు దిగి పరుగెత్తుకొస్తారు. దుమ్ము దులిపి మళ్లీ వడ్డిస్తారు.

కిందికి పోయేకొద్దీ కూలడం వేగం పుంజుకోవడం సరిగ్గా చూపించారు. నిలకడగా ఉన్న బరువు కంటే పైనుంచి పడే బరువు నేలను ఎన్నో రెట్లు గట్టిగా కొడుతుంది. ఏమాత్రం ఎత్తు లేకుండా ఒక్కసారిగా మోపినా దూలంపై ఒత్తిడి దాదాపు రెట్టింపవుతుంది. అందుకే చివర్లో ఏ అంతస్తూ వాళ్లను ఆపలేదు.

ఇది తిండిపోతుల మీద వెక్కిరింత మాత్రమే అని చాలామంది అనుకుంటారు. అది సగమే. ఒకామె తినడం ఆపి తటపటాయిస్తుంది, తోటివాళ్ల చూపులు తన మీద పడగానే మళ్లీ నోట్లో పెట్టుకుంటుంది. ఆకలి ఎప్పుడో తీరిపోయింది, ఆగనివ్వనిది ఆ పంక్తి. వడ్డించేవాళ్లకూ అందులో వాటా ఉంది: ప్రమాదం కళ్లారా చూస్తూనే, పడిన ప్రతిసారీ బల్ల సర్ది విందు కొనసాగించేది వాళ్లే.